బిల్డరు డబ్బివ్వలేదు, కూలీలకు ఏం చెప్పను?

శ్రీకాకుళం జిల్లా నుంచి వచ్చి పాతికేళ్ళుగా హైదరాబాదులో తాపీ పని చేస్తున్న ఒక గుంపు మేస్త్రి రాసిన ఉత్తరం ఇది. పేరు, ఊరు బయటపెట్టవద్దని కోరారు. పదహారో ఏట ఇసుక జల్లించే కూలీగా మొదలై, తాపీ పట్టడం నేర్చుకుని, తొమ్మిదేళ్ళ కిందట సొంతంగా జట్టు కట్టుకున్నారు. ఇప్పుడు ఆయన కింద 16 మంది ఉన్నారు. ఆరుగురు తాపీ మేస్త్రులు, ఐదుగురు మగ కూలీలు, ఐదుగురు ఆడ కూలీలు. అందరూ సొంత ఊరివాళ్ళో, చుట్టుపక్కల ఊళ్ళ బంధువులో. రోజుకు తాపీ మేస్త్రికి 1,100, మగ కూలీకి 800, ఆడ కూలీకి 650 రూపాయలు ఇస్తున్నారు.

నగర శివారులో ఒక ఐదంతస్తుల అపార్టుమెంటుకు గోడకట్టు, ప్లాస్టరింగ్ పనులు లేబర్ రేటుకు, అంటే సామాను బిల్డరుది, పని మాత్రం తమది అన్న లెక్కకు, నోటిమాట మీద ఒప్పుకున్నారు. ప్లాస్టరింగ్‌కు చదరపు అడుగుకు 24 రూపాయలు. మొదటి నాలుగు నెలలు పదిహేను రోజులకోసారి బిల్లు వచ్చింది. తర్వాత "పై స్లాబు పడనివ్వు" అన్నారు, "పండగ వెళ్ళనివ్వు" అన్నారు, ఇప్పుడు "రెండు ఫ్లాట్లు రిజిస్ట్రేషన్ కానివ్వు" అంటున్నారు. మేస్త్రి గారి లెక్కలో రావలసింది 6,40,000 రూపాయలు. సిమెంటు వృథా చేశారనీ, కొన్ని గోడలు మళ్ళీ పూయించాల్సి వచ్చిందనీ, రేటు 20కి తగ్గించామనీ చెప్పి బిల్డరు ఒప్పుకుంటున్నది 3,90,000. మధ్యలో 1,50,000కు ఒక చెక్కు ఇచ్చి, "నేను చెప్పేదాకా బ్యాంకులో వేయకు, వేశావంటే నీ మొహం చూడను" అన్నారట. చెక్కు మీది తేదీ దాటి రెండు నెలలు దాటింది.

జట్టు ఆగిపోకూడదని మేస్త్రి గారు భార్య గాజులు, గొలుసు తాకట్టు పెట్టి, నూటికి రెండు రూపాయల వడ్డీకి 1,50,000 తెచ్చి వారం ఖర్చులు ఇస్తూ వచ్చారు. అడ్వాన్సులు మినహాయించాక కూడా కూలీలకు ఇంకా 4,15,000 ఇవ్వాలి. సంక్రాంతికి తలా 20,000 అడ్వాన్సు తీసుకున్న ఇద్దరు కుర్రాళ్ళు "మావా, ఊరెలిపోతాం, మా లెక్క సూసెయ్" అంటున్నారు. వాళ్ళు వెళ్ళిపోతే మిగతావారూ కదులుతారన్న భయంతో వారి ఆధార్ కార్డులు తన దగ్గరే ఉంచుకున్నారు. పని ఆపేద్దామంటే రెండంతస్తులు మిగిలి ఉన్నాయి. ఆపితే ఇంకో జట్టును దింపుతామని బిల్డరు బెదిరిస్తున్నారు. ఊరెళ్ళిపోదామని భార్య అంటున్నారు. "నేనూ కూలివాడినే. కానీ ఊళ్ళో అందరూ డబ్బు నేనే తినేశాననుకుంటున్నారు. ఏం చెయ్యను?" అని అడుగుతున్నారు.

మేస్త్రి గారూ,

మీ ఉత్తరంలో నన్ను ఎక్కువసేపు ఆపింది మీరు పంపిన మస్తరు (కూలీల హాజరు) పుస్తకం ఫోటోలు. దానికి ముందుగా వస్తాను, ఎందుకంటే మీకు రాబోయే బలమంతా, మీకు రాగల ఇబ్బంది కూడా ఆ రెండు పేజీల్లోనే ఉన్నాయి. గళ్ళ పుస్తకంలో తేదీలు అడ్డంగా, పేర్లు నిలువుగా రాశారు. పూర్తి రోజుకు టిక్కు, సగం రోజుకు గీత, డబ్బు ఇచ్చిన రోజున పక్కన చిన్న "అ" అక్షరం. పదకొండుగురు మగవారి పేర్లు, కొన్ని ఇంటిపేర్లతో సహా, శుభ్రంగా ఉన్నాయి. వారి కింద ఒకే వరుస: "ఆడ – 5". ఒకరు రాని రోజున "ఆడ – 4". ఆ నాలుగు ఎవరివో, రానిది ఎవరో ఆ పుస్తకం చెప్పదు. రేపు కార్మిక శాఖ అధికారి ముందు కూలి అడగాల్సి వస్తే, ఆ ఐదుగురు ఎన్ని రోజులు పనిచేశారన్నదానికి మీ దగ్గర కాగితం లేదు. మీ ఉద్దేశం చెడ్డది కాదని నాకు తెలుసు. ఈ పనిలో చాలా మస్తర్లు ఇలాగే ఉంటాయి. కానీ దీన్ని ఇవాళే సరిచేయాలి.

ఇప్పుడు అసలు చిక్కు. బిల్డరు మీకు ఇవ్వాల్సిన బాకీనీ, మీరు కూలీలకు ఇవ్వాల్సిన బాకీనీ మీరు ఒకే తాడుతో కట్టేసుకున్నారు. "ఆయన ఇస్తే నేనిస్తాను" అన్న మాట మీకు న్యాయంగానే అనిపిస్తుంది, అందులో నిజమూ ఉంది. అయితే చట్టం ఆ రెండింటినీ విడివిడిగా చూస్తుంది. పని చేయించుకున్న కాంట్రాక్టరుగా కూలి చెల్లించే బాధ్యత మొదట మీదే. బిల్లు రాలేదన్నది అందుకు మినహాయింపు కాదు. కానీ అదే చట్టం ఇంకో మాట కూడా చెబుతుంది. 2025 నవంబరు 21 నుంచి అమల్లోకి వచ్చిన వేతనాల కోడ్ ప్రకారం, నియమించినవాడు కూలి ఇవ్వలేకపోతే ఆ పని ఎవరి సంస్థలో జరుగుతోందో ఆ సంస్థ యజమాని ఇవ్వాలి. అంటే మీ కూలీలు మీ ద్వారా కాకుండా నేరుగా బిల్డరును అడగగలరు. "మేస్త్రికి లెక్క తేల్చేశాం, మీరు ఆయన్నే అడగండి" అని బిల్డరు వారిని తిప్పి పంపడానికి వీల్లేదు. మీరు ఒంటరిగా అడిగితే అది ఇద్దరు వ్యాపారుల మధ్య బిల్లు తగాదా. 16 మంది అడిగితే అది కూలి ఎగవేత. రెండోదానికి ఉన్న బరువు మొదటిదానికి లేదు.

ఒకసారి మీ అంకెలనే విప్పి చూద్దాం. మీకు రావలసిన 6,40,000లో కూలీల బాకీ 4,15,000, మీరు తాకట్టు పెట్టి తెచ్చి జట్టుకు పెట్టింది 1,50,000, మీ సొంతానికి మిగిలేది 75,000. బిల్డరు ఒప్పుకున్న 3,90,000 మొత్తం రేపు పొద్దున్నే చేతిలో పడిందనుకోండి, దానితో కూలీల బాకీ కూడా పూర్తిగా తీరదు. ఇంకా 25,000 తక్కువ పడుతుంది. తాకట్టు అలాగే ఉంటుంది, నెలకు 3,000 వడ్డీ నడుస్తూనే ఉంటుంది. కాబట్టి "పోనీలే, ఇచ్చినంత తీసుకుని సర్దుకుందాం" అన్న ఆలోచన మీకు వస్తే, ఆ సర్దుబాటు ఎవరి జేబులోంచి జరుగుతుందో ముందే తెలుసుకుని ఒప్పుకోండి. "పూర్తిగా ముట్టింది" అని రాసిన కాగితం మీద మాత్రం సంతకం చేయకండి. తీసుకోవాల్సి వస్తే "బాకీలో కొంత" అని రాసి తీసుకోండి.

రేటు సంగతి కూడా చూడాలి. మీ జట్టులో ఒక తాపీ మేస్త్రి, ఒక మగ కూలీ, ఒక ఆడ కూలీ కలిసి రోజుకు సుమారు 120 అడుగులు పూస్తారని రాశారు. ఆ ముగ్గురి కూలి 2,550. అంటే అడుగుకు 21 రూపాయల 25 పైసలు కూలికే పోతుంది. 24 రూపాయల రేటులో మిగిలే 2 రూపాయల 75 పైసల్లోనే పరంజా కట్టడానికి పోయే పూట, సిమెంటు రాక ఖాళీగా కూర్చున్న రోజు, వాన పడ్డ రోజు, గది అద్దె, మీ కష్టం అన్నీ ఇమడాలి. 20కి తగ్గిస్తే పని మొదలుపెట్టకముందే అడుగుకు రూపాయి పావలా నష్టం. ఇది బేరం కాదు మేస్త్రి గారూ, మీ కూలీల జీతంలోంచి బిల్డరు కోసుకుంటున్న కోత. పైగా చేసిన పనికి రేటు తర్వాత తగ్గించడం ఎక్కడా చెల్లదు. తగ్గించాలంటే ఇకపై చేయబోయే పనికి చెప్పుకోవచ్చు, ఒప్పుకోవడమా మానడమా అన్నది మీ ఇష్టం.

అన్నిటికంటే తొందరగా చూడాల్సింది ఆ చెక్కు. చెక్కు మీది తేదీ నుంచి మూడు నెలలు దాటితే బ్యాంకు దాన్ని తీసుకోదు. ఇప్పటికే రెండు నెలలు దాటిందన్నారు. మీకున్న దారులు రెండు. మొదటిది, గడువులోపు బ్యాంకులో వేయడం. డబ్బు లేక అది తిరిగి వస్తే, ఆ సంగతి బ్యాంకు మీకు తెలియజేసిన 30 రోజుల్లోపు బిల్డరుకు రాతపూర్వకంగా నోటీసు పంపాలి. నోటీసు అందిన 15 రోజుల్లో ఆయన చెల్లించకపోతే, ఆ తర్వాత నెలలోపు కోర్టులో ఫిర్యాదు చేయాలి. ఈ మూడు గడువుల్లో ఏది దాటినా ఆ దారి మూసుకుపోవచ్చు. దీని ఫలితం, ఆయనతో మాట పూర్తిగా చెడుతుంది. రెండో దారి, ఆయన దగ్గరికి వెళ్ళి పాత చెక్కు గడువు ముగుస్తోందని చెప్పి, దాని బదులు కొత్త తేదీతో ఇంకో చెక్కు తీసుకుని, అదే సంగతి వాట్సాప్‌లో ఆయనకు రాయడం. మాట చెడదు గానీ, కొత్త చెక్కు ఇవ్వకుండా వారం వారం తిప్పితే చేతిలోది చిత్తుకాగితం అవుతుంది. రెండో దారినే ఎంచుకుంటే మీలో మీరు ఒక తేదీ పెట్టుకోండి. ఆ రోజుకు కొత్తది రాకపోతే పాతది బ్యాంకులో వేసేయండి. "మొహం చూడను" అన్న మాటకు మీరు భయపడుతున్నారు. ఇన్ని నెలలుగా డబ్బివ్వకుండా తిప్పుతున్న మనిషి మొహం చూడకపోతే మీకు పోయేదేమిటో ఒకసారి ఆలోచించండి.

పని కొనసాగించాలా, ఆపాలా అన్నది నేను తేల్చి చెప్పలేను. చెప్పగలిగింది, రెండింటికీ అయ్యే ఖర్చు. మీ జట్టు కూలి రోజుకు 13,850. ఆరు రోజుల వారానికి 83,100. బిల్లు రాకుండా ఇంకో నెల పనిచేస్తే మీ నెత్తిన కూలీల బాకీ మూడు లక్షలకు పైగా పెరుగుతుంది. పనిలో ఉంటేనే పాత బాకీ వస్తుందని మీరు రాశారు, అందులో కొంత నిజం ఉంది. రెండంతస్తులు మిగిలి ఉన్నంతవరకు ఆయనకు మీ అవసరం ఉంటుంది. అందుకే కొనసాగిస్తే షరతు మీద కొనసాగించండి. ఇకపై చేసే పనికి ప్రతి శనివారం కూలి ఆ వారమే ఇవ్వాలి, పాత బాకీ విడతలవారీగా తీర్చాలి, ఇది కాగితం మీద ఉండాలి. ఒక్క శనివారం తప్పినా సోమవారం తాపీ పట్టకండి. ఆ మాట మీద నిలబడలేననిపిస్తే షరతు పెట్టకపోవడమే మేలు, ఎందుకంటే ఒకసారి వదిలేసిన షరతును తర్వాత ఎవరూ లెక్కచేయరు.

ఆపేసేట్లయితే ఒక్క జాగ్రత్త. మీరు దిగిన మర్నాడే ఇంకో జట్టు పరంజా ఎక్కి, మీరు వదిలిన చోటు నుంచి పూత మొదలుపెడితే, ఏ గోడ ఎవరు పూశారన్నది నెల తర్వాత ఎవరూ చెప్పలేరు. పెయింటు పడ్డాక అసలే చెప్పలేరు. కాబట్టి దిగేముందు సైటు ఇంజనీరును పక్కన పెట్టుకుని ఫ్లాటు ఫ్లాటుకీ టేపు పట్టి కొలవండి, ప్రతి గదినీ ఫోటో తీయండి, ఆయన సంతకం తీసుకోండి. సంతకం పెట్టనంటే ఆ రోజే కొలతలన్నీ ఫోటోలతో సహా బిల్డరుకూ ఇంజనీరుకూ వాట్సాప్‌లో పంపి, "తేడా ఉంటే చెప్పండి" అని రాయండి. వారు ఏమీ రాయకపోయినా ఆ సందేశమూ దాని తేదీ మీ దగ్గర ఉంటాయి. మీ పరంజా కర్రలు, పలకలు, పనిముట్లు ఏవి మీవో అదే సందేశంలో రాసి, వెంట తెచ్చుకోండి. కోపంలో గేటుకు తాళం వేయడం, సామాను ఎత్తుకురావడం వంటివి మాత్రం వద్దు. అంతటితో బాకీ మాట పక్కకు పోయి పోలీసు స్టేషన్లో మీ మీద కేసు మాట మొదలవుతుంది.

మూడో దారి, మీరు ఉత్తరంలో ఎక్కడా ప్రస్తావించనిది, కూలీలు తమ పేర్ల మీద కార్మిక శాఖ కార్యాలయంలో కూలి కోసం దరఖాస్తు పెట్టడం. 16 మంది కలిసి పెట్టుకోవచ్చు, భవన నిర్మాణ కార్మిక సంఘం వారి తరఫున పెట్టవచ్చు. కూలి ఇవ్వాల్సిన నాటి నుంచి మూడేళ్ళ లోపు అడగవచ్చు. దరఖాస్తు అందాక మూడు నెలల్లో తేల్చే ప్రయత్నం చేయాలని కోడ్ అధికారికి చెబుతోంది, ఎగ్గొట్టిన కూలితో పాటు దానికి పది రెట్ల వరకు పరిహారం విధించే అధికారమూ ఇచ్చింది. ఇందులో మీకున్న కష్టం దాచను. ఆ దరఖాస్తులో బిల్డరుతో పాటు మీ పేరు కూడా ఎదుటి పక్షంగా ఉంటుంది. మీ మస్తరు అడుగుతారు. ఆడవారికి తక్కువ ఎందుకిచ్చావని అడుగుతారు. ఈ దారిలో వచ్చేది కూలీల డబ్బే. మీ 2,25,000కు మీరు విడిగా నోటీసిచ్చి దావా వేయాలి, దానికీ గడువు మూడేళ్ళే. లేదా జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ద్వారా లోక్ అదాలత్‌లో పెట్టించవచ్చు. అక్కడ కోర్టు ఫీజు ఉండదు, ఇద్దరూ ఒప్పుకుని కుదిరిన తీర్పు మీద అప్పీలు ఉండదు. అయితే బిల్డరు రావాలి, ఒప్పుకోవాలి. ఆడవారికీ, ఎస్సీ, ఎస్టీలకూ ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు. 15100 నంబరుకు ఫోను చేస్తే దారి చెబుతారు.

మీ మీద మీరే దరఖాస్తు పెట్టించుకోమంటున్నానని మీకు అనిపించవచ్చు. ఒక విధంగా అంతే. అయితే మీరు దాచకుండా లెక్కలు విప్పి, "ఇదిగో నాకు రావలసింది, ఇదిగో మీకు రావలసింది, నేను ఇచ్చింది ఇది" అని జట్టు అందరి ముందూ చదివి, మస్తరు నకలు వారికి ఇస్తే, వాళ్ళు మీ మీదకు కాక మీతో కలిసి వస్తారు. డబ్బు మీరు తినేశారన్న మాట ఊళ్ళో పుట్టింది మీ లెక్క ఎవరికీ తెలియకపోవడం వల్లే. భార్య గాజులు తాకట్టులో ఉన్న సంగతి మీ జట్టులో ఎంతమందికి తెలుసు? ఒక్కరికీ చెప్పలేదని మీరే రాశారు. చెప్పండి. అది నామోషీ కాదు.

ఇక ఆ ఇద్దరు కుర్రాళ్ళు. ఇక్కడ మాత్రం దారులు లేవు. ఆధార్ కార్డులు ఈ సాయంత్రమే ఇచ్చేయండి. అడ్వాన్సు ఇచ్చి, అది తీరేదాకా మనిషిని కదలనివ్వకపోవడం 1976 నాటి వెట్టిచాకిరీ నిర్మూలన చట్టం కింద నేరం. మూడేళ్ళ దాకా జైలు ఉంది. బంధువుల పిల్లలే కదా, వెట్టి ఏమిటి అని మీరు నొచ్చుకోవచ్చు. కానీ మీ మస్తరే చూడండి. వారి వరుసల్లో చెల్లించని టిక్కులు ఒక్కొక్కరికి 31 ఉన్నాయి. 31 రోజులకు 800 చొప్పున 24,800. అడ్వాన్సు 20,000. అంటే వాళ్ళు మీకు బాకీ లేరు, మీరే ఒక్కొక్కరికి 4,800 బాకీ ఉన్నారు. పనిలోంచి వెళ్ళిపోయేవారి లెక్క రెండు పనిదినాల్లో తీర్చాలని కోడ్ చెబుతోంది. ఇద్దరికీ కలిపి 9,600. మీ చేతిలోకి వచ్చే మొదటి డబ్బు వాళ్ళదే. అంతవరకు ఎంత ఇవ్వాలో రాసి సంతకం పెట్టిన కాగితం ఇచ్చి పంపండి. వాళ్ళు ఊళ్ళో దిగేటప్పుడు చేతిలో ఆ కాగితం ఉండటమే మీకూ మంచిది.

ఆడ కూలీల మాట మీరు ఒక్క వాక్యంలో దాటేశారు, నేను దాటలేను. మీ దగ్గర మగ కూలీ మోసేది మాలు (కలిపిన సిమెంటు) బొచ్చె, ఇటుకలే. ఆడ కూలీ మోసేదీ అవే, ఎక్కే మెట్లూ అవే. ఒకే పనికి ఆడవారికి తక్కువ ఇవ్వకూడదన్నది ఇవాళ్టి మాట కాదు, 1976 నుంచీ ఉన్న చట్టం. కొత్త కోడ్‌లోనూ ఉంది. "రేటే అలా ఉంది" అంటారు. ఉంది. ఐదుగురికీ కలిపి తేడా రోజుకు 750 రూపాయలు, మీ రోజు కూలి మొత్తంలో 100కు ఐదున్నర లోపే. ఈ పనిలో ఆ తేడా భరించే స్థితిలో మీరు లేరని నాకు తెలుసు. రాబోయే పనికి రేటు ఒప్పుకునేటప్పుడు మాత్రం ఆడ కూలీని 800గానే వేసి లెక్క కట్టండి. అప్పుడు ఆ ముగ్గురి కూలి 2,700 అవుతుంది, అడుగుకు 22 రూపాయల 50 పైసలు. ఇంతకు తక్కువ పని పట్టుకుంటే అది మీ వాళ్ళ కడుపు కోసి పట్టుకున్నదే.

మరో సంగతి, జట్టుకు చెప్పవలసినది. 2014 జూన్ 2 తర్వాత శ్రీకాకుళం నుంచి హైదరాబాదుకు పనికి రావడమంటే వేరే రాష్ట్రానికి వలస రావడమే. మీరు మొదట వచ్చినప్పుడు మీ రాజధానికి రావడం, ఇప్పుడు పరాయి రాష్ట్రానికి రావడం. అలా వచ్చినవారు పదిమంది ఉన్న చోట, అర్హులైనవారికి ఏడాదికోసారి ఊరికి వెళ్ళివచ్చే ఖర్చు ఇవ్వాలని వేతనాల కోడ్‌తో పాటే అమల్లోకి వచ్చిన వృత్తి భద్రత, ఆరోగ్యం, పని పరిస్థితుల కోడ్ అంటుంది. కట్టే ప్రతి పెద్ద భవనం మీదా ఖర్చులో 100కు 1 చొప్పున కార్మికుల సంక్షేమానికి సెస్సు (ప్రత్యేక పన్ను) వసూలవుతుంది. ఏడాదిలో 90 రోజులు ఈ పనిచేసిన 18 నుంచి 60 ఏళ్ళవారు భవన నిర్మాణ కార్మికుల సంక్షేమ మండలిలో పేరు నమోదు చేసుకోవచ్చు. దానికీ 90 రోజుల పని రుజువు కావాలి. అది మళ్ళీ మీ మస్తరే.

ఊరెళ్ళిపోదామన్న మీ ఆవిడ మాట తప్పు కాదు. ఆమె గాజులే పోయాయి, ఆమెకు ఆ మాట అనే హక్కుంది. అయితే కొలతలు తీసుకోకుండా, చెక్కు సంగతి తేల్చకుండా వెళితే వెళ్ళిన రోజే కేసు సగం పోతుంది. అవి రెండూ అయ్యాక వెళ్ళినా నష్టం లేదు. సంఘానికో, జట్టులో ఇక్కడే ఉండే ఒకరికో వాయిదాలకు హాజరయ్యే అధికారం రాసిచ్చి వెళ్ళవచ్చు. ఎవరూ హాజరు కాకపోతే మాత్రం దరఖాస్తు కొట్టేస్తారు.

ఆ మస్తరు పుస్తకం తీసి, "ఆడ – 5" అన్న వరుస కొట్టేసి, ఐదు వరుసలు గీయండి. ఆ ఐదుగురినీ కూర్చోబెట్టుకుని ఎవరెవరు ఏ రోజు వచ్చారో అడిగి నింపండి. వారికి బాగా గుర్తుంటుంది. ఫలానావాడి భార్య, ఫలానామె కూతురు అని కాకుండా, ఆధార్‌లో ఎలా ఉందో అలా పూర్తి పేర్లు రాయండి.